దాది మనుమరాలు: ‘బాబీ’ చిత్ర విమర్శ

కలవారి కుమారుడు లేనివారి కూతును ప్రేమించుట, పెద్దలు కాదనుట, ప్రాణములమీదికి వచ్చిన పిమ్మట ఔననుట: ఈ మూడు ముక్కల కథ మన దేశపు చలనచిత్రములకు పుట్టుకతోనే అబ్బిన విద్య. ఏటేట ఏదో యొక భాషలో ఈ కథ వచ్చుచునే యున్నది. జనులు చూచుచునే యున్నారు. చూచి, కన్నీరు తుడుచుకొని, ఇంటికి వచ్చి, తమ పిల్లల సంబంధములకు అంతస్తుల లెక్కలు వేసికొనుచునే యున్నారు. తెరమీద మెచ్చిన దానిని ఇంటిలో మెచ్చలేకపోవుటకు కారణమేమి? లోపమంతయు చూచువారియందే యున్నదా? లేక కథ చెప్పబడు తీరులోనే మనకు తప్పించుకొను దారి యొకటి చూపబడుచున్నదా? ఈ ప్రశ్నను పరిశీలించుటకు ‘బాబీ’ అను హిందీ చిత్రముకంటె తగినది వేరొకటి లేదని నాకు తోచుచున్నది. అది చెడ్డ చిత్రమైనచో ఈ శ్రమ అక్కరలేదు. కొన్ని యెడల మిక్కిలి మంచి చిత్రమగుట చేతనే దానితో వాదము పెట్టుకొనవలసియున్నది.

రాజ్‌కపూర్ నిర్మించి దర్శకత్వము వహించిన ఈ చిత్రము 1973వ సంవత్సరము సెప్టెంబరు నెలలో వెలువడినది. అంతకు మూడేండ్ల క్రిందట, 1970లో, ఆయన తన సర్వస్వమును ధారపోసి తీసిన ‘మేరా నామ్ జోకర్’ ప్రజల యాదరణము పొందక ఆయనను అప్పులపాలు చేసెను. పేరుపొందిన తారల జోలికి పోక, తన రెండవ కుమారుడగు రిషీకపూర్‌ను నాయకునిగను, అదివరకు తెర యెక్కని డింపుల్ కపాడియా యను బాలికను నాయికగను ఆయన నిలిపెను. కథ ఖ్వాజా అహమ్మద్ అబ్బాస్‌ది. చిత్రమునకు తగినట్లు దానిని తీర్చినవారు ఆయనయు వి. పి. సాఠేయు. లక్ష్మీకాంత్-ప్యారేలాల్ జంట సంగీతము కూర్చెను. చిత్రము ఆసేతుహిమాచలము జయప్రదముగా నడచి, రాజ్‌కపూర్‌ను మరల నిలువబెట్టెను.

నేటికి అర్ధశతాబ్దము దాటినది. అయినను ఆ జ్ఞాపకము వాడలేదు. నాయకుడు నడపిన చిన్న రాజ్‌దూత్ మోటారు సైకిలుకు జనులు ‘బాబీ’ యనియే పేరు పెట్టుకొనిరి. కాశ్మీరములోని గుల్మార్గ్‌లో ఒక పాటను చిత్రించిన కుటీరమును ‘బాబీ హట్’ అను పేర యాత్రికులు నేటికిని వెదకికొని పోవుదురు. నాడు పదునారేండ్ల ప్రాయమున ఆ చిత్రము చూచినవారు నేడు తాతలు, అవ్వలు అయినారు. వారు దానిని తలచుకొనునపుడు తలచుకొనునది ఆ కథను మాత్రమే కాదు; తమ యౌవనమును గూడ. ఇట్టి మమకారము గల చిత్రమును విమర్శించుట కొంత సాహసమే. కాని మమకారము ఏమేమి కప్పిపుచ్చుచున్నదో చూచుట విమర్శకు విధి.

కథ స్వల్పమైనది. నాథ్ అను బొంబాయి కోటీశ్వరుని కుమారుడు రాజా. తండ్రికి వ్యాపారము, తల్లికి విందులు. బిడ్డను పెంచినది మిసెస్ బ్రగాంజా యను గోవా క్రైస్తవ స్త్రీ. రాజా దూరపు వసతిపాఠశాలలో చదువు ముగించి యింటికి వచ్చును. పదునెనిమిదవ జన్మదినమునకు తల్లిదండ్రులు గొప్ప విందు చేయుదురు. తాను పెంచిన బిడ్డను దీవించుటకు ముసలి దాది తన మనుమరాలిని వెంటబెట్టుకొని, చేతనైన కానుకతో వచ్చును. ఇంటి యజమానురాలు ఆమెను పలుకరింపదు. వచ్చిన యిద్దరును చిన్నబుచ్చుకొని వెడలిపోవుదురు. విందు ముగిసిన పిదప కానుకలు విప్పుచున్న రాజాకు ఆ ముసలమ్మ కానుక కనబడును. మరునాడు వాడామెను వెదకికొని పోవును. తలుపు తెరచినది మనుమరాలు బాబీ. తరువాతి కథ చదువరులు ఊహింపగలదే. బాబీ తండ్రి జాక్, చేపలు పట్టి బ్రతుకు జాలరి. నాథ్ ఆయనను అవమానించును. ఆయన నాథ్‌ను అవమానించును. నాథ్ తన వ్యాపారలాభమునకై మరియొక ధనికుని కూతుతో కుమారునికి సంబంధము కుదుర్చును. రాజా, బాబీ పారిపోవుదురు. కుమారుని జాడ తెలిపినవారికి నాథ్ బహుమానము ప్రకటింపగా ధనాశచే దుండగులు వారిని చెరబట్టుదురు. తండ్రులిరువురు రక్షింపవచ్చినను నమ్మక, ప్రేమికులు జలపాతములోనికి దుముకుదురు. వెంటనే తండ్రులును దుముకుదురు. జాక్ రాజాను, నాథ్ బాబీని ఒడ్డునకు చేర్చుదురు. పగలు మరచి పిల్లలను దీవింతురు.

ఇందు మెచ్చవలసినదానిని ముందు మెచ్చుదము. ప్రేమకథలలో నాయకుడు నాయికను తొలిసారి చూచుట సామాన్యముగా బజారులోనో, తోటలోనో, రైలులోనో జరుగును. ఇందు అట్లు గాదు. బాలుడు సౌందర్యమును వెదకికొని పోలేదు. కృతజ్ఞతను తీర్చుకొనుటకు పోయినాడు. తన్నెత్తి పెంచిన చేతులను మరల చూడబోయినవానికి ఆ గుమ్మమున ప్రేమ యెదురైనది. విందులో ఆ బాలికను ఒక్క క్షణము చూచియుండెను గాని, వాని ప్రేమకు నిజమైన ద్వారము ఆ దాది యింటి తలుపే. వంటపనిలో నుండి లేచివచ్చిన బాబీ పిండి యంటిన చేతితో జుట్టు సవరించుకొనగా పిండి జుట్టున కంటుకొనును. రాజ్‌కపూర్ తన యౌవనమున నర్గీస్‌ను తొలిసారి ఆమె యింటి గుమ్మమున ఇట్లే చూచెననియు, ఆ జ్ఞాపకమునే యిందు తన కుమారుని చేత అభినయింపజేసెననియు ప్రసిద్ధి. కనుక ఈ చిత్రము పుట్టుకలోనే జ్ఞాపకముతో కూడినది. తండ్రి తన గడచిన కాలమును కుమారుని ముఖమున చూచుకొనుచున్నాడు. ఆ దృశ్యమునకు గల తేమ, సహజత్వము ఇందుచేతనే వచ్చినవి.

రెండవ మంచి మరింత గట్టిది. 1951లో ఇదే అబ్బాస్, సాఠేలు ఇదే రాజ్‌కపూర్‌కు ‘ఆవారా’ కథ నిచ్చిరి. అందును కలిమిలేములకు నడుమ ప్రేమయే. మంచివాని కొడుకు మంచివాడు, దొంగ కొడుకు దొంగ యని నమ్మిన న్యాయాధిపతి యొకడు గర్భవతియగు భార్యను అనుమానించి వెడలగొట్టును. ఆయన కుమారుడు మురికివాడలో పెరిగి దొంగ యగును. ఆ న్యాయాధిపతి పోషణలో పెరిగిన కన్యనే ప్రేమించును. జన్మముచేత గుణము రాదని ఆ చిత్రము గట్టిగా వాదించెను. కాని ప్రేమ విషయమున దానికొక సౌకర్యము మిగిలినది: పేద నాయకుడు నిజమునకు గొప్పయింటి బిడ్డయే! మన పురాణములలో బోయవాని యింట పెరిగినవాడు తుదకు రాజకుమారుడని తేలినట్లు, ఆ రహస్యము సగము చిక్కును విప్పివేయును. ‘బాబీ’లో అట్టి రహస్యము లేదు. ఉంగరము లేదు, పుట్టుమచ్చ లేదు, పాత పెట్టెలో దొరకిన ఉత్తరము లేదు. బాబీ జాలరి కూతురే, దాది మనుమరాలే, కథ ముగిసినను జాలరి కూతురే. కోడలగుటకు ఆమె వేరొకతె కానక్కరలేదని చెప్పుట ఈ కథకు గౌరవము. ‘ధర్తీ కే లాల్’ను 1946లో తీసి బెంగాలు కరవును తెర కెక్కించిన అబ్బాస్ యొక్క పాత నిజాయితీ ఇచ్చట కొంత మెరసినది.

ఇంత మంచి ఆరంభము గల చిత్రము తన ప్రశ్నను తానే యెట్లు చేజార్చుకొన్నదో చూడుడు.

ఆ ప్రశ్న ఎచ్చట నున్నది? నాథ్ ధనములో లేదు, జాక్ వలలో లేదు. అది జన్మదినపు విందులో ముసలమ్మ నిలుచున్న స్థలములో నున్నది. ఆ యింటిలో ఆమెకు పూర్వము ఎంత చనువుండియుండవలెను! బిడ్డకు స్నానము చేయించినది, అన్నము తినిపించినది, జ్వరము వచ్చినపుడు రాత్రులు మేలుకొన్నది ఆమె. ఆ కాలమున ఆమె చేతిని ఎవరును ఇది క్రైస్తవురాలి చేయి, పేదరాలి చేయి యని తొలగింపలేదు. ఆ బిడ్డ నోటికి ఆ చేయి పనికివచ్చినది. ఆ చేతినే పట్టుకొని వచ్చిన మనుమరాలు ఆ యింటి పీటలమీద కూర్చుండుటకు ఏల పనికిరాదు? సేవకు అడ్డురాని కులము, మతము, లేమి సంబంధమునకు మాత్రమే యెచ్చటనుండి అడ్డువచ్చినవి? ధనికుని పెరటి తలుపు తెరచియే యుండును. వీథి తలుపు మూసియుండును. వచ్చినవారు వారే, తలుపు మాత్రము వేరు. మన సంఘ మర్యాదలలోని కపటమంతయు ఈ రెండు తలుపుల నడుమ నున్నది. దుర్గా ఖోటే ఆ పాత్రను ధరించుట యిందు విశేషము. మర్యాదగల యిండ్ల స్త్రీలు తెర యెక్కుట తప్పని యెంచిన కాలమున, 1932లో ‘అయోధ్యేచా రాజా’లో తారామతిగా కనిపించినామె, 1960లో ‘మొగల్ ఎ ఆజమ్’లో అక్బరు పట్టమహిషిగా కూర్చుండినామె. పట్టమహిషి తీవి గల ఆ ముఖము విందులో పలుకరింపబడక వెనుదిరుగుట చూచినపుడు, వాదములు చేయలేని పని ఆ మౌనము చేయును.

ఇంత చూపిన చిత్రము ఆమె నచ్చటనే విడిచిపెట్టినది. ప్రేమ మొదలైన తరువాత కథను నడపు బరువు ఆమె చేతినుండి జారి యిద్దరు తండ్రుల చేతికి పోయినది. నాథ్, జాక్‌లు ఎదురుపడు దృశ్యము నాటకదృష్టిచే గొప్పది. ప్రాణ్ యొక్క చల్లని యహంకారమునకు ప్రేమ్‌నాథ్ యొక్క పొంగిపొరలు రోషము సరిజోడు. కూతు అందమును ఎరగా వేసి నా కొడుకును పట్టినావని నాథ్ నిందించును. ఇక కలియకుండుటకు ధనమిత్తునని బేరమాడును. జాక్ మండిపడును. చూచువారి రక్తము ఉడుకును. కాని ఇచ్చట ప్రశ్న రూపుమారినదని గమనింపవలెను. సేవకు తగినది సంబంధమునకు తగదా యన్న ధర్మప్రశ్న పోయి, ఇద్దరు మగవారిలో ఎవరి మీసము పైదియను పంతము మిగిలినది. పంతమైనచో ఒకనాడు తగ్గును. పంతము విడిచినవారిని మెచ్చుకొని యింటికి పోవచ్చును. ధర్మప్రశ్న అట్లు తగ్గునది కాదు.

మరియొకటి. రాజా హిందువు, బాబీ క్రైస్తవురాలు. నిజ జీవితమున ఇట్టి సంబంధము తలపెట్టిన యింట మొదట లేచు మాట మతమును గూర్చియే గాని ధనమును గూర్చి కాదు. ఏ మతమున పెండ్లి, బిడ్డలకు ఏ పేరు, చచ్చినపుడు దహనమా ఖననమా యను ప్రశ్నలతో బంధువులు చుట్టుముట్టుదురు. ఈ చిత్రమున వాదమంతయు ధనము చుట్టును తిరుగును. ఇది ఉదారత యని కొందరందురు: మతమును లెక్కకు తేకపోవుటయే దానిని జయించుట యని వారి భావము. నాకట్లు తోచదు. ధనభేదమును నిందించినచో ధనికులు గూడ చప్పట్లు కొట్టుదురు. ఏలన నాథ్‌వంటి దుష్టుడు తాము కామని ప్రతివారును అనుకొనవచ్చును. మతభేదమును, కులభేదమును పేరుపెట్టి చెప్పినచో ప్రేక్షకులలో సగము మందికి తమ యిల్లు కనబడును. 1936లో బొంబాయి టాకీస్ వారి ‘అఛూత్ కన్య’, 1938లో మన గూడవల్లి రామబ్రహ్మముగారి ‘మాలపిల్ల’ పేరులోనే ఆ మాట చెప్పి ధైర్యము చూపినవి. ముప్పదియైదేండ్ల తరువాత, స్వతంత్ర దేశమున, అంతకంటె సంపన్నుడైన దర్శకుడు ఆ మాటను మ్రింగివేయుట ముందడుగని చెప్పలేము.

పైగా ఆ మతమును వాడుకొనవలసిన చోట మాత్రము వాడుకొనిరి. బాబీ క్రైస్తవ బాలిక గావున మోకాళ్లు కనబడు పావడలు తొడుగవచ్చును, ఈతదుస్తులలో నీటి యొడ్డున నిలువవచ్చును. చూచువారికి ఆనందము, తీసినవారికి లాభము, హిందూ కుటుంబ గౌరవమునకు భంగము లేదు! ఆ తండ్రి క్రైస్తవుడు గావున ఎల్లవేళల సీసా చేతబట్టవచ్చును. ఒక సమాజమువారి కూతును ప్రేమింపుడని చెప్పుచునే, ఆ సమాజమును గూర్చి వీధిలోని చౌకబారు నమ్మకములను పటములో బిగించి చూపుట న్యాయమా? ఆ బాలిక నటన నిర్మలమైనది. డింపుల్ కపాడియా ముఖమున బెదరులేని స్వచ్ఛత గలదు. కెమెరా కన్నులో ఆ స్వచ్ఛత లేదు. ప్రేమకు కులము లేదని పలుకు చిత్రము తన చూపునకు గల కులమును గమనింపలేదు.

ఇదే లోపము అల్కా పాత్ర విషయమున క్రూరముగా పరిణమించినది. నాథ్ కుదుర్చు ధనికుల సంబంధములోని కన్యకు బుద్ధి యెదుగలేదు. ధనికుల వివాహములు వర్తకములని చూపుటకు ఇది కల్పింపబడినది. ఆలోచించినచో ఆ కథలో అందరికంటె నిస్సహాయురాలు ఆ పిల్లయే. బాబీకి కాళ్లున్నవి, పారిపోగలదు. రాజాకు నోరున్నది, ఎదిరింపగలడు. ఇద్దరు వ్యాపారుల నడుమ సరుకుగా నిలిచిన అల్కాకు ఏమి జరుగుచున్నదో గూడ తెలియదు. ఆమెను చూచి జాలిపడవలసిన చోట నవ్వుమని చిత్రము మనలను పురికొల్పును. ఫరీదా జలాల్ ఎంత నేర్పుగా నటించినను ఆ నవ్వు వినుటకు కష్టముగా నుండును. పేదపిల్లను గౌరవింపుమనుటకు రోగిష్ఠి పిల్లను అగౌరవపరుపవలెనా?

ఇక జలపాతము. ఒకరి బిడ్డను మరియొకరు కాపాడుట కంటికి ఇంపైన కల్పన. ఇట్టి కల్పన మనకు క్రొత్త గాదు. పైన పేర్కొన్న ‘మాలపిల్ల’లో అగ్నిప్రమాదమున చిక్కిన శాస్త్రిగారి భార్యను హరిజన యువకుడు కాపాడగా శాస్త్రిగారి మనస్సు కరగును. ఒక చోట నిప్పు, ఒక చోట నీరు. రెండు చోట్లను సంఘము చేయవలసిన పని పంచభూతములకు అప్పగింపబడినది. అయినను భేదము గలదు. అచ్చట కాపాడినవాడు నీచుడని త్రోయబడినవాడు. అతని యోగ్యత చూచి పెద్దకులమువారు తలవంచిరి. అదియు పూర్తి న్యాయము కాదు. మనిషి మనిషిగా అంగీకరింపబడుటకు ప్రాణములకు తెగించి పరీక్ష నెగ్గవలెనా యని మనము నేడు అడుగుదుము. కాని ఆ ముగింపుతో దేవాలయపు తలుపులు గూడ తెరచుకొనవలెనన్న ఆశయము ముడివడియుండెను. ఒక యింటి పెండ్లితో అది ఆగలేదు. ‘బాబీ’లో ఇద్దరు తండ్రులు తడిసి, పిల్లలను కౌగిలించుకొని, శాంతించిరి. నాథ్ యింటిలో ఇతర సేవకులేమైరి? ఆయన తన యభిప్రాయములలో దేనిని మార్చుకొనెను? బిడ్డ ప్రాణము దక్కినందుకు సంతోషించిన తండ్రిని చూచితిమి గాని, తాను చేసిన యన్యాయమును తెలిసికొన్న మనిషిని చూడలేదు. తుది నిర్ణయమున రాజా తల్లి మాటకు గాని, కథకు మూలమైన దాది మాటకు గాని చోటు లేదు. విందులో పలుకరింపబడని ముసలమ్మను పలుకరించి క్షమింపుమని వేడుట ఆ కథకు తగిన ముగింపై యుండెడిది. దానికి జలపాతము అక్కరలేదు. ఒక కుర్చీ చాలును.

ప్రాణత్యాగమే ప్రేమకు గీటురాయి యనుట యువజనులకు మంచి బోధ గాదు. ఈ దేశమున అట్టి ప్రేమికులకు మరియొక త్రోవ యున్నదని చిత్రము ఒక్కమాటైనను చెప్పలేదు. 1872వ సంవత్సరపు చట్టము క్రింద మతాంతర వివాహము చేసికొనదలచినవారు తాము హిందువులము గాని క్రైస్తవులము గాని కామని ప్రకటింపవలసి యుండెడిది. 1954వ సంవత్సరపు ప్రత్యేక వివాహ చట్టము ఆ నిర్బంధమును తొలగించినది. ఇరువురును తమతమ మతములయందే యుండి, నోటీసు ఇచ్చి, సాక్షుల యెదుట చేవ్రాలు చేసి దంపతులు కావచ్చును. ఆ చట్టము వరునికి ఇరువదియొకటి, వధువునకు పదునెనిమిది యేండ్లు నిండవలెనని విధించినది. రాజాకు పదునెనిమిదే, అనగా ఇంక మూడేండ్లు వేచియుండవలెను. ఆ మూడేండ్లే అసలు కథ! ఆ కాలమున వాడు తండ్రి సొమ్ము ముట్టక ఒక వృత్తి నేర్వవచ్చును. జాక్ పడవమీద వల లాగవచ్చును. ప్రేమ వేడి తగ్గిన పిమ్మట అది నిలుచునో లేదో తేల్చుకొనవచ్చును. ధనమును ధిక్కరించితినను బాలుడు ధనమిచ్చిన బండిమీదనే తిరుగుచు, తుదకు ధనికుడగు తండ్రి దీవెనతోనే కథ ముగించుకొనుట ధిక్కారము కాదు, అలుక. మన సంస్కర్తలు వితంతువులకు పెండ్లిండ్లు చేసి అంతటితో ఊరకుండలేదు. ఆ దంపతులకు ఇల్లు, జీవనోపాధి, నలుగురిలో పంక్తిభోజనము సమకూడవలెనని పాటుపడిరి. పెండ్లిని నిలువబెట్టునవి ఇట్టి చిన్న పనులేయని వారికి తెలియును.

ఇంత గంభీరముగా విచారింపనేల, ఇది వినోదమే కదా యని కొందరు అడుగవచ్చును. వినోదమును నేను తక్కువచేయను. ఇంటిలో నోరెత్తలేని యెందరో యువతీయువకులకు, ప్రేమించుట నేరము కాదని ఆ చిత్రము కొంత ధైర్యమిచ్చియుండును. అది చిన్న మేలు కాదు. కాని వినోదమునకు గల శక్తిని దాని నిర్మాతలకంటె పాలకులు బాగుగ నెరుగుదురు. 1977వ సంవత్సరపు ఎన్నికలకు ముందు ఒక ఆదివారము ఢిల్లీలోని రాంలీలా మైదానమున జయప్రకాశ్ నారాయణ్, జగజీవన్ రామ్ ప్రసంగించు మహాసభ యేర్పాటుకాగా, ఆ సాయంకాలమే ప్రభుత్వ టెలివిజనులో ‘బాబీ’ ప్రసారమైనది. జనులు ఇండ్లు కదలకుండుటకే యిట్లు చేసిరని లోకము చెప్పుకొనెను. అయినను జనులు వేలకువేలుగా కదలివచ్చిరి. అంటరానివారని త్రోయబడిన కులమున పుట్టిన నాయకుని మాట వినుటకు, అంతస్తులు దాటు ప్రేమకథను విడిచి వచ్చిరి! మనకు ఏది అవసరమో, ఏది తీపియో, ఆ రెంటికి గల భేదము సామాన్యజనమునకు తెలియునని ఆ సాయంకాలము రుజువైనది.

ఇప్పుడు మొదటి ప్రశ్నకు వత్తము. ఈ చిత్రమును మెచ్చినవారు ఇంట దానిని ఏల పాటింపలేకున్నారు? నా యుద్దేశమున కారణమిది. ఇందలి జ్ఞాపకమంతయు కలవారి జ్ఞాపకము. బాల్యమును తలచుకొని కరగువాడు రాజా. యౌవనమును తలచుకొని మురియువాడు దర్శకుడు. నేడు పాత పాటలు విని నిట్టూర్చువారము మనము. ఆ యింటిని గూర్చి దాదికి గల జ్ఞాపకమేమి? పరుల బిడ్డను ఎత్తుకొని తిరిగిన యేండ్లలో తన బిడ్డ జాక్ ఎవరి చేతిలో పెరిగెను? ఆమె జీతమెంత? ఆమెను పని మాన్పించిననాడు ఎవరైన వాకిలివరకు సాగనంపిరా? చిత్రము అడుగలేదు. అడుగకపోవుటచేతనే అది మనకు ఇంత తీయగా నున్నది. ఒక పక్షము మాత్రమే తలచుకొను గతము ఎప్పుడును తీయగానే యుండును. రెండవ పక్షము నోరు విప్పినచో అందులో చేదు కలియును. ఆ చేదే మన యిండ్లకు మందు.

మన యిండ్లలోను ఇట్టి ముసలమ్మలు గలరు. బిడ్డలకు తలంటినవారు, బాలింతలకు పథ్యము వండినవారు, ఇంటి గుట్టు బయటపెట్టనివారు. ఆమె మాకు తల్లివంటిదని మనము నలుగురిలో చెప్పుకొందుము. పండుగనాడు ఒక పాత చీర యిచ్చి సంతృప్తి పొందుదుము. ఆమె గ్లాసు వేరుగా నుండును. ఆమె కూర్చుండు చోటు వేరుగా నుండును. ఆమె మనుమరాలు ఏ తరగతి చదువుచున్నదో మనలో నెందరికి తెలియును? సంస్కరణము పెద్ద సభలలో మొదలగునని యనుకొందుము గాని, అది ఆ గ్లాసు దగ్గర, ఆ పీట దగ్గర, ఆ పిల్ల బడిజీతము దగ్గర మొదలగును. అచ్చట మొదలుకానిచో, మన కుమారుడొకనాడు ఆ పిల్ల చేయి పట్టుకొని వీథి తలుపున నిలిచినపుడు మనమును నాథ్ మాటలే పలుకుదుము. వాని గొంతుకంటె కొంత మెల్లగా, అంతే.

‘బాబీ’ని మరల చూడవచ్చును, పిల్లలతో కలసి చూడవచ్చును. పాటలు రాగానే అందరితోబాటు మీరును పాడుకొనవచ్చును. అయితే జన్మదినపు విందు జరుగుచున్నపుడు దీపముల వెలుగులో నాట్యమాడువారిని కాక, ప్రక్కగా కానుక చేతబట్టుకొని నిలిచిన ముసలమ్మను చూడుడు. పిల్లలకును ఆమెను చూపుడు. ఎవరీమె, ఈమెతో ఎవరును మాట్లాడరేల యని వారు అడుగుదురు. ఆ ప్రశ్నకు మనము చెప్పు సమాధానము మన యింటి సంస్కారమును తెలుపును.